ధైర్యం సంగతి తర్వాత, ముందు ఈత నేర్పండి

మొన్న మార్చిలో నెల్లూరులో ఒక మహిళా దినోత్సవ సభకు వెళ్ళాను. వక్త సిరియా ఈతగత్తె యూస్రా మార్దీనీ కథ చెప్పారు. సిరియా యుద్ధం, గాలి పడవ, నడి సముద్రంలో ఆగిపోయిన ఇంజను, నీళ్ళలోకి దూకిన అక్కాచెల్లెళ్ళు, ఏడాది తిరిగేసరికి ఒలింపిక్స్. కథ బాగా చెప్పారు. హాల్లో చాలామంది కళ్ళు తుడుచుకున్నారు. చివర్లో ఆవిడ, "చూశారా, ధైర్యం ఉంటే ఏ నీళ్ళూ మనల్ని ఆపలేవు" అన్నారు. చప్పట్లు మోగిపోయాయి.

ఆ మాట దగ్గరే నాకు ముల్లు గుచ్చుకుంది. ముందు వరసల్లో కూర్చున్న పిల్లల్లో సగం మంది నాకు తెలిసిన ఇళ్ళ పిల్లలే. బుర్ఖా వేసుకున్నవాళ్ళూ ఉన్నారు, వేసుకోనివాళ్ళూ ఉన్నారు, హిందువుల పిల్లలూ ఉన్నారు. నాకు తెలిసినంతలో వాళ్ళలో ఈత వచ్చిన పిల్ల ఒక్కతీ లేదు. ధైర్యం లేక రాలేదా వాళ్ళకు? పక్క జిల్లాలో హాస్టల్లో ఉండి చదువుకుంటున్న పిల్లలు, ఇంట్లో కొట్లాడి మరీ ఇంజనీరింగులో చేరిన పిల్లలు. వాళ్ళకు ధైర్యం గురించి మనం కొత్తగా చెప్పాల్సిందేమీ లేదు.

ఇలాంటి 'మొదటి మహిళ' కథలన్నిటినీ మనం ధైర్యం కథలుగా చెప్పుకోవడం వల్ల నష్టం జరుగుతోందని నాకనిపిస్తుంది. ధైర్యమే కారణమని చెప్పేస్తే, చెయ్యాల్సిన పనంతా ఆ పిల్ల నెత్తిన పడుతుంది. కొలను కట్టాల్సినవాళ్ళు, ఆడ కోచ్‌ను పెట్టాల్సినవాళ్ళు, చూడ్డానికి వచ్చే మగపిల్లల్ని గేటు దగ్గర ఆపాల్సినవాళ్ళు అందరూ చప్పట్లు కొట్టి ఇంటికెళ్ళిపోవచ్చు.

పడవ ఎక్కక ముందు

యూస్రా 1998లో పుట్టింది. డమాస్కస్ శివార్లలో పెరిగింది. తండ్రి ఈత కోచ్. అక్క సారాను, యూస్రాను నడక వచ్చిన కొత్తలోనే నీళ్ళలో దించాడు. పిల్లలు ఇష్టపడ్డా పడకపోయినా ప్రాక్టీసు మాత్రం మానిపించలేదు. 2012లో ఇస్తాంబుల్‌లో జరిగిన షార్ట్ కోర్స్ (పాతిక మీటర్ల కొలను) ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో సిరియా తరఫున ఈదింది. అప్పటికి ఆమెకు పద్నాలుగేళ్ళు. అంటే 2015 ఆగస్టులో టర్కీ ఒడ్డున గాలి పడవ ఎక్కే నాటికి ఆమె వెనక పదేళ్ళకు పైబడిన శిక్షణ ఉంది.

ఆరేడుగురు పట్టే పడవలో ఇరవై మంది దాకా ఎక్కారు. కాసేపటికే ఇంజను ఆగిపోయింది. పడవలో నీళ్ళు చేరుతున్నాయి. బరువు తగ్గించి, పడవను నిలబెట్టడానికి అక్కాచెల్లెళ్ళు నీళ్ళలోకి దిగారు. మూడు గంటలకు పైగా అలా నెట్టుకుంటూ, లాక్కుంటూ లెస్బోస్ ద్వీపం చేరారు. నీళ్ళలోకి దిగినవాళ్ళు కొద్దిమందే. ఎందుకంటే పడవలో ఉన్నవాళ్ళలో చాలామందికి ఈత రాదు. ఇల్లూ వాకిలీ వదిలేసి, సముద్రం మీద గాలి పడవ ఎక్కినవాళ్ళకు ధైర్యం లేదని ఎవరైనా అనగలరా? ఆ సాయంత్రం పడవలో అందరికీ ధైర్యం ఉంది. ఈత కొందరికే ఉంది.

తర్వాతి కథలో కూడా ఇదే కనిపిస్తుంది. బెర్లిన్ చేరాక వాళ్ళు శరణార్థి శిబిరం దగ్గర్లో ఈత క్లబ్బు కోసం వాకబు చేశారు. వాసర్‌ఫ్రాయిండె స్పాండౌ 04 అనే పాత క్లబ్బు వాళ్ళను చేర్చుకుంది. స్వెన్ స్పానెక్రెబ్స్ అనే కోచ్ దొరికాడు. 2016 రియోలో మొట్టమొదటిసారి బరిలోకి దిగిన శరణార్థుల జట్టులోని పదిమందిలో ఆమె ఒకరు. వంద మీటర్ల బటర్‌ఫ్లైలో (రెండు చేతులూ ఒక్కసారే ముందుకు విసిరే ఈత) తన హీట్‌లో, అంటే తొలి విడత పోటీల్లో తన గుంపులో, మొదటి స్థానం, సమయం 1 నిమిషం 9.21 సెకన్లు. మొత్తం మీద 45 మందిలో 41వ స్థానం. ఆ ఈవెంట్‌లో బంగారు పతకం గెలిచిన స్వీడన్ అమ్మాయి సారా షోస్ట్రోమ్ ఫైనల్‌లో 55.48 సెకన్లకే ముగించింది.

తర్వాతి టోక్యో ఒలింపిక్స్‌లో యూస్రా అదే పోటీని 1 నిమిషం 6.78 సెకన్లలో ఈదింది. రియో కంటే దాదాపు రెండున్నర సెకన్లు తక్కువ. పడవ కథ చెప్పే సభల్లో ఈ రెండున్నర సెకన్ల గురించి నేను ఎక్కడా వినలేదు. వంద మీటర్ల బటర్‌ఫ్లైలో ఆ మాత్రం తగ్గాలంటే గోడ దగ్గర తిరిగే తీరు మార్చుకోవాలి, నీటి అడుగున కాళ్ళు ఆడించే బలం పెంచుకోవాలి, చివరి పాతిక మీటర్లలో భుజాలు పైకి లేవనంత అలసటలోనూ చేతులు పడాల్సిన చోట పడాలి. ఏళ్ళ తరబడి తెల్లవారుజామునే లేచి చేసే పని అది. ఈతగత్తెగా ఆమె జీవితం అక్కడుంది. దాన్ని పక్కనపెట్టి మూడు గంటల సముద్రాన్నే చెప్పుకుంటున్నాం.

మొదటివాళ్ళ వెనక

ఇంటికొచ్చి నాకు తెలిసిన మిగతా పేర్లన్నీ ఒకసారి నెమరేసుకున్నాను. పాకిస్తాన్ నుంచి ఒలింపిక్స్‌కు వెళ్ళిన మొదటి ఈతగత్తె రుబాబ్ రజా. 2004 ఏథెన్స్‌లో యాభై మీటర్ల ఫ్రీస్టైల్ ఈదేనాటికి ఆమెకు పదమూడేళ్ళు. 2008లో బీజింగ్ వెళ్ళిన కిరణ్ ఖాన్ తండ్రి స్వయంగా ఈతగాడు. ఈజిప్టు అమ్మాయి అబ్లా ఖైరీ 1974లో పదమూడేళ్ళకే ఇంగ్లిష్ ఛానల్ ఈదింది. అదే దేశపు రానియా ఎల్వానీ 1992, 1996, 2000 ఒలింపిక్స్ మూడింటిలోనూ ఈదింది. సిడ్నీలో సెమీఫైనల్ దాకా వెళ్ళింది. డాక్టరు అయింది, అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీలో సభ్యురాలూ అయింది. ఫరీదా ఉస్మాన్ 2017లో బుడాపెస్ట్ ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో యాభై మీటర్ల బటర్‌ఫ్లై కాంస్యం గెలిచి, ఆ పోటీల్లో పతకం తెచ్చిన మొదటి ఈజిప్టు వ్యక్తిగా నిలిచింది. 2019లో మళ్ళీ గెలిచింది.

ఈజిప్టుదీ ముస్లిం సమాజమే. అయినా అక్కడి నుంచి సెమీఫైనళ్ళు, పతకాలు వచ్చాయి. ఇంకా చాలాచోట్ల నుంచి ఆహ్వానం మీద వెళ్ళి ఒక్క హీట్ ఈది వచ్చిన పిల్లలే ఉన్నారు. ఈ తేడా మతంలో లేదు. కైరోలో ఎన్నో ఏళ్ళుగా క్లబ్బులున్నాయి, కొలనులున్నాయి, పిల్లల పోటీలున్నాయి. అక్కడి అమ్మాయికి ఈత నేర్చుకోవడానికి తిరుగుబాటు చెయ్యాల్సిన అవసరం లేకపోయింది.

దీనికి ఒక ఎదురు మాట ఉంది, అది గట్టి మాటే. కైరో క్లబ్బుల్లో పెరిగేది డబ్బున్నవాళ్ళ పిల్లలు. ఫరీదా అమెరికాలో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయంలో చదువుకుంటూ ఈదింది. యూస్రా తండ్రి కోచ్ కాకపోతే ఆ కథే లేదు. మన దగ్గరే చూడండి, బాక్సర్ నిఖత్ జరీన్‌ను నిజామాబాద్‌లో గ్రౌండుకు తీసుకెళ్ళింది ఆటలాడిన తండ్రే. సానియా మీర్జా వెనకా తండ్రే ఉన్నాడు. ఆట తెలిసిన తండ్రి లేని పిల్ల ఏం కావాలి? ఈ ప్రశ్న నా వాదానికి అడ్డమని మొదట్లో అనిపించింది. ఆలోచించే కొద్దీ అదే నా వాదమని అర్థమైంది. ఇంట్లో దొరకని పిల్లకు ఊరు ఇవ్వాలి. ఊరు ఇవ్వనన్నాళ్ళూ 'మొదటి మహిళలు' అదృష్టం కొద్దీ పుడుతుంటారు, మనం సభలు పెట్టుకుంటుంటాం.

స్వర్ణాల చెరువులో

"మీవాళ్ళు ఆడపిల్లల్ని నీళ్ళలోకి దించరు కదా" అని నాతో అనేవాళ్ళకు నేను బారాషహీద్ దర్గా చూపిస్తాను. మొహర్రం రోజుల్లో రొట్టెల పండగ నాడు స్వర్ణాల చెరువు ఘాట్ దగ్గర నిలబడండి. మోకాలి లోతు నీళ్ళలో ఆడవాళ్ళు, వేలకు వేలు. ఎక్కడెక్కడి నుంచో వచ్చినవాళ్ళు. తడిసిన చీరలు, తడిసిన బుర్ఖాలు, చంకలో పిల్లలు, చేతిలో కొంగు కప్పిన రొట్టె. "ఉద్యోగం రొట్టె ఎవరి దగ్గరుందమ్మా?" "ఇక్కడ సంతానం రొట్టె!" "ఇల్లు రొట్టె కావాల!" కోరిక తీరినావిడ రొట్టె ఇస్తుంది, తీరాల్సినావిడ తీసుకుంటుంది. ఇచ్చేది ఫాతిమా అయితే తీసుకునేది లక్ష్మి, మళ్ళీ ఏడు అటుది ఇటు. నీళ్ళు చిమ్ముకుని నెత్తిన చల్లుకుంటారు. ఏ మౌల్వీ గారూ ఆపలేదు, ఏ పంతులు గారూ ఆపలేదు.

నీళ్ళంటే, ఆడవాళ్ళు నీళ్ళలో దిగడమంటే మా రెండు మతాలకూ ఏ పేచీ లేదని నాకు ఆ చెరువే సాక్ష్యం. అక్కడ చుట్టూ ఉన్నవాళ్ళలో ఎక్కువమంది ఆడవాళ్ళే. వచ్చిన పని అందరిదీ ఒకటే. ఎవరూ ఎవర్నీ ఎగాదిగా చూడరు. అయితే ఇంకో విషయం కూడా అక్కడే కనపడుతుంది. ప్రమాదం జరక్కుండా గజ ఈతగాళ్ళను పెడతారు. నేను చూసినంతలో వాళ్ళంతా మగవాళ్ళే. మోకాలి లోతు దాటితే అన్ని వేలమంది ఆడవాళ్ళలో ఎంతమంది తేలగలరో ఆలోచిస్తే నాకు గుండె దడ వస్తుంది.

మా ఇళ్ళలో ఒక మాట ఉంది. పిల్లలకు ఈత, విలువిద్య, గుర్రపు స్వారీ నేర్పమని ఖలీఫా ఉమర్ చెప్పారని పెద్దలు చెప్పుకుంటారు. మా అబ్బా (నాన్న) కూడా చెప్పేవారు. కోవూరు దగ్గర మా ఊరి పొలం బావిలో అన్నలిద్దరికీ ఆయనే నేర్పారు. ఎండు సొరకాయ బుర్రను తాడుతో వీపుకు కట్టి, ఇంకో తాడు నడుముకు కట్టి, ఆ కొస తన చేతిలో పట్టుకుని బావిలోకి దించేవారు. నాలుగు రోజులకు బుర్ర తీసేశారు, ఇంకో వారానికి తాడు తీసేశారు. నేను గట్టు మీద కూర్చుని వాళ్ళ చొక్కాలకు, చెప్పులకు కాపలా ఉండేదాన్ని. అబ్బాకు నా మీద ప్రేమ లేక కాదు. నన్నూ దించొచ్చన్న ఆలోచన ఆయనకు రాలేదు, నాకూ రాలేదు.

అన్న కూతురు ఎందుకు మానేసింది

మా అన్న కూతురు ఎనిమిదో తరగతిలో ఉండగా వేసవి శిబిరంలో ఈతకు చేరింది. పంపింది మా అన్నే. పెన్నలో ఇసుక తోడిన గుంతల్లో ఏటా ఎండాకాలం పిల్లలు పోతున్నారని పేపర్లో చదివి భయపడి పంపాడు. పొడుగు చేతుల టాప్, కాళ్ళ దాకా లెగ్గింగ్స్, తలకు క్యాప్. కోచ్ మగాయనే, వయసులో పెద్దాయన, మర్యాదస్తుడు. పిల్ల చేపలా అల్లుకుపోయింది. నెల దాటేసరికి ఆ కొస నుంచి ఈ కొసకు ఆగకుండా ఈదేది. "ఫుప్పూ (అత్తా), నీళ్ళ కింద అసలు ఏ సౌండూ ఉండదు తెలుసా?" అని నాకు ఎంతో ఉత్సాహంగా చెప్పేది.

ఆడపిల్లల బ్యాచ్‌కు వేరే టైమంటూ లేదు. వీళ్ళు ఈదుతుంటే తర్వాతి బ్యాచ్ మగపిల్లలు వచ్చి మెట్ల మీద కూర్చునేవాళ్ళు, చేతుల్లో ఫోన్లు. ఒకరోజు ఎవడో వీడియో తీశాడని పిల్లలు చెప్పారు. కోచ్ గారు కేకలేశారు. మర్నాడు మళ్ళీ అదే మెట్లు, అవే ఫోన్లు. నిర్వాహకుల్ని అడిగితే, "గేట్ దగ్గర మనిషిని పెట్టడానికి బడ్జెట్ లేదండీ" అన్నారు. మా అన్న ఇంకో వారం చూసి, "చాల్లే అమ్మా, వచ్చేసిందిగా" అని మానిపించాడు.

మా పిల్ల మానేసిందని తెలిసి, "అంతేలే, వాళ్ళ మతంలో ఒప్పుకోరు" అన్నారొకరు. కానీ అదే వారంలో పక్క వీధి రెడ్డిగారి అమ్మాయి కూడా మానేసింది. ఆ పిల్ల పెద్దమనిషి అయింది, వాళ్ళ నానమ్మ వద్దంది. మగ కోచ్‌కు నెలసరి సంగతి చెప్పుకోలేక ఇంకో పిల్ల మానేసింది. బ్యాచ్‌లో చివరికి ఆడపిల్లలే మిగల్లేదు. ఒకరి విషయంలో మతం, ఒకరి విషయంలో సంప్రదాయం, ఒకరి విషయంలో సిగ్గు అని మూడు పేర్లు పెట్టుకున్నాం. కానీ ఒక ఆడ కోచ్, ఒక వేరే టైము, గేటు దగ్గర ఒక మనిషి ఉండుంటే ఆ ముగ్గురూ ఈపాటికి ఈదుతూ ఉండేవాళ్ళు.

ఇది ఎక్కడా జరగని పనేమీ కాదు. జాంజిబార్‌లో నుంగ్వి అనే ఊరుంది, సముద్రం ఒడ్డునే. ముస్లింల ఊరు. తరతరాలుగా అక్కడి ఆడపిల్లలకు ఈత లేదు. పంజే ప్రాజెక్టు అనే ఒక చిన్న పథకం స్థానిక ఆడవాళ్ళనే శిక్షకులుగా తయారుచేసి, ఒళ్ళంతా కప్పే ఈత దుస్తులిచ్చి నేర్పించింది. బంగ్లాదేశ్‌లో ఊరి చెరువులోనే వెదుళ్ళతో దడి, అడుగున వేదిక కట్టి పిల్లలకు ఈత నేర్పుతున్నారు. మన మైపాడు, కొత్తపట్నం ఒడ్డున ఉన్న పిల్లలకు కూడా ఇది పెద్ద ఖర్చుతో కూడిన పని కాదు.

ఒళ్ళు కప్పుకునే చర్చ

కొందరు స్నేహితులు ఇక్కడ నాతో విభేదిస్తారు. "ఆడవాళ్ళకు వేరే టైము, పరదా, నిండు దుస్తులు అంటూ పోతే మళ్ళీ పిల్లల్ని మూలకు నెట్టడమే కదా?" అంటారు. ఈ మాటను నేను కొట్టిపారెయ్యను. స్విట్జర్లాండ్‌లోని బాజెల్ నగరంలో ఇద్దరు తల్లిదండ్రులు తమ కూతుళ్ళను మగపిల్లలతో కలిపి ఈత క్లాసుకు పంపేది లేదన్నారు. కేసు యూరప్ మానవ హక్కుల న్యాయస్థానం దాకా వెళ్ళింది. 2017 జనవరిలో తీర్పు ఆ తల్లిదండ్రులకు వ్యతిరేకంగా వచ్చింది. పిల్లలు అందరితో కలిసి నేర్చుకోవడం ముఖ్యమంది కోర్టు. ఒక విషయం మాత్రం గమనించాలి. అక్కడి బడి ఆ పిల్లలు బుర్కినీ (ఒళ్ళూ తలా కప్పే ఈత దుస్తులు) వేసుకోవడానికి ముందే ఒప్పుకుంది. ఫ్రాన్స్‌లో ఇంకో రకం గొడవ. 2016లో బుర్కినీని బీచ్‌లో నిషేధిస్తే అక్కడి అత్యున్నత పాలనా న్యాయస్థానం ఆ నిషేధాన్ని ఆపేసింది. 2022లో గ్రెనోబుల్ నగరం కొలనుల్లో బుర్కినీకి వీలు కల్పిస్తే అదే న్యాయస్థానం దానికి అడ్డు చెప్పింది.

ఇంత గొడవలో పిల్లకు ఈత వచ్చిందా లేదా అన్నది ఎవరూ అడగరు. బుర్కినీని 2004లో తయారుచేసిన అహెదా జానెట్టి లెబనాన్ మూలాలున్న ఆస్ట్రేలియా మహిళ. హిజాబ్‌తో నెట్‌బాల్ ఆడుతున్న మేనకోడలి అవస్థ చూసి ఆమెకు ఆ ఆలోచన వచ్చింది. కొన్నేళ్ళకే మెకా లాలా అనే అమ్మాయి ఎరుపూ పసుపూ బుర్కినీ వేసుకుని సిడ్నీ క్రొనుల్లా బీచ్‌లో లైఫ్‌గార్డ్ అయింది. మునిగేవాళ్ళను కాపాడే పని. ఆమె చెయ్యి అందుకుని ఒడ్డెక్కినవాళ్ళకు ఆ బట్ట ఎంత పొడుగుందో పట్టదు.

యూస్రా హిజాబ్ లేకుండా, మామూలు పోటీ దుస్తుల్లో ఈదింది. అందుకని ఆమె మా పిల్లలకు ఆదర్శం కాదని మావాళ్ళలో కొందరంటారు. ఆమె ఏం వేసుకోవాలో ఆమె ఇష్టం. మా పిల్ల ఏం వేసుకోవాలో మా పిల్ల ఇష్టం. ఇద్దరికీ నీళ్ళు ఒకటే కావాలి.

నాకు నిజంగా జవాబు తెలియనిది పోటీల దగ్గర. 2010 నుంచి అమలుకు వచ్చిన అంతర్జాతీయ నియమాల ప్రకారం కొలను పోటీల్లో ఆడవాళ్ళ దుస్తులు భుజాల నుంచి మోకాళ్ళ దాకానే ఉండాలి, మెడ కప్పకూడదు. జారుడు దుస్తులతో రికార్డులు కుప్పలుగా పడుతున్నాయని తెచ్చిన నియమమది, ముస్లిం అమ్మాయిల కోసం పెట్టింది కాదు. కానీ దెబ్బ వాళ్ళకూ తగిలింది. ఇంగ్లండ్‌లో ఈత సంఘం 2015లో తన పరిధిలోని పోటీల్లో నిండు దుస్తులకు వీలిచ్చింది. నాకు తెలిసినంతలో మన దగ్గర ఆ ప్రశ్న ఇంకా పుట్టనే లేదు, ఎందుకంటే అక్కడిదాకా వచ్చిన పిల్ల లేదు. వస్తే నేను ఏ పక్కన నిలబడతాను? పోటీ న్యాయంగా ఉండాలని కూడా నేను కోరుకుంటాను. బట్ట వల్ల లాభం రాని చోట కప్పుకోనిస్తే ఎవరికి నష్టం అని కూడా అనిపిస్తుంది. ఆ తగువు రావాలని కోరుకుంటున్నాను. అది వచ్చిందంటే మనకు ఈతగత్తెలు ఉన్నట్టు.

పతకాల మాట పక్కన పెట్టినా ఈత ప్రాణం మీది సంగతి. 2004 డిసెంబరు 26 సునామీని మన తీరంలో ఎవరూ మర్చిపోలేదు. ఇండోనేషియాలోని అచేలో, అదీ ముస్లిం ప్రాంతమే, ఆక్స్‌ఫామ్ సంస్థ ఆ తర్వాత నాలుగు ఊళ్ళలో లెక్క తీసింది. బతికి బయటపడ్డ 676 మందిలో ఆడవాళ్ళు 189 మంది. ఆదివారం కావడం, మగవాళ్ళు సముద్రం మీదో వేరే పనుల మీదో ఉండటం, ఆడవాళ్ళు పిల్లల్ని వదిలి పరిగెత్తలేకపోవడం వంటి కారణాలు చాలా ఉన్నాయి. మగవాళ్ళకు ఈత వచ్చు, చెట్టెక్కడం వచ్చు, ఆడవాళ్ళకు రావన్నది వాటిలో ఒకటి. ఆ లెక్క చదివినప్పుడల్లా నాకు బావి గట్టు గుర్తొస్తుంది.

ఇప్పుడు మేం కొంతమంది తల్లులం, అత్తలం కలిసి ఒక అర్జీ రాస్తున్నాం. జిల్లాలో ప్రభుత్వ బడుల్లో పనిచేస్తున్న ఆడ పీఈటీల్లో (వ్యాయామ టీచర్లలో) ఆసక్తి ఉన్న ఇద్దరిని ఈత శిక్షణకు పంపమని, వచ్చాక రోజూ ఉదయం ఒక గంట కొలను ఆడపిల్లలకే ఇవ్వమని, ఆ గంటసేపు గేటు దగ్గర మనిషిని పెట్టి ఫోన్లు లోపలికి రానివ్వొద్దని అడుగుతున్నాం. దుస్తుల గురించి ఒకే వాక్యం: ఈతకు పనికొచ్చే బట్ట అయితే చాలు, పొడుగు పొట్టి వాళ్ళిష్టం. అన్నిటికంటే ముందు సంతకం పెట్టింది రెడ్డిగారి అమ్మాయి వాళ్ళ నానమ్మ. "టీచరమ్మ ఆడమనిషైతే నాకేం అడ్డం తల్లీ" అందావిడ.

మా అన్నకు చూపించాను. మొత్తం చదివి, "ఆడ కోచ్ వస్తే రేపే పంపుతా. పోటీలకు మాత్రం ఇప్పుడే మాటివ్వను" అన్నాడు. పక్కనే ఉన్న మా పిల్ల, "పోటీల సంగతి నన్నడగండి అబ్బా, నేను కదా ఈదేది" అంది. వాళ్ళిద్దరి మధ్యా ఆ వాదన ఇంకా నడుస్తూనే ఉంది. అర్జీ మాత్రం వచ్చే సోమవారం ప్రజా సమస్యల పరిష్కార వేదికలో ఇస్తున్నాం.